షెన్ గారితో ఎల్లారెడ్డి దాకా

ఎల్లారెడ్డికి ఎవరైనా పని ఉండి వెళతారు గానీ చూడటానికి వెళ్లరు. నేనూ పని మీదే వెళ్లాను. ఒక చైనా సినిమా దర్శకుడి మాటల్ని తెలుగులోకి, తెలుగువాళ్ల మాటల్ని ఆయనకు వచ్చిన కొద్దిపాటి ఇంగ్లీషులోకి మార్చి చెప్పడం నా పని. తిరిగొచ్చాక ప్రయాణం ఎలా జరిగిందని అడిగిన మిత్రులకు జొన్నరొట్టెల గురించి చెప్పి తప్పించుకున్నాను. రొట్టెలు నిజంగానే బాగున్నాయి. కానీ ఆ ప్రయాణం రొట్టెల గురించి కాదు.

సికింద్రాబాద్ స్టేషన్

మాది భీమవరం. కాలేజీలో ఇంగ్లీషు పాఠం చెబుతాను. మిత్రులతో కలిసి ఒక చిన్న ఫిల్మ్ క్లబ్ నడుపుతాను. షెన్ గారి సినిమాల గురించి తెలుగులో రాసింది బహుశా నేనొక్కణ్నే. 2012 చలికాలంలో ఆయన హైదరాబాదులో ఒక చిత్రోత్సవానికి అతిథిగా వచ్చినప్పుడు నిర్వాహకులు నన్ను పిలిపించింది అందుకే. ఉత్సవం అయ్యాక ఆయన గోల్కొండ వద్దన్నాడు, చార్మినార్ వద్దన్నాడు. ఏదో ఎడారి దేశపు విమానాశ్రయంలో ఒకే రంగు సంచులు పట్టుకుని వరసలో కూర్చున్న కూలీలను చూశాడట. మీది ఏ ఊరని అడిగితే ఒకతను 'కామారెడ్డి' అన్నాడట. ఆ మాట గుర్తుపెట్టుకున్నాడు. అక్కడికి తీసుకెళ్లమన్నాడు.

ఆయన జీవితం నాకు కంఠతా వచ్చు. ఏటి ఒడ్డున చిన్న పట్నంలో పుట్టాడు. తల్లి అగ్గిపెట్టెల ఫ్యాక్టరీలో పనిచేసేది. కుర్రతనంలో ఊరూరా తిరిగి తెర కట్టి సినిమాలు వేసే బండి వెంట రీళ్లు మోశాడు. ముప్ఫై ఏళ్లు దగ్గర పడ్డాక గానీ సినిమా విద్యాలయంలో చోటు దొరకలేదు. మొదటి సినిమా, మూతపడ్డ ఆ అగ్గిపెట్టెల ఫ్యాక్టరీ గురించి. అందులో పనివాళ్లే పనివాళ్లుగా కనిపిస్తారు. సొంత దేశంలో అది ఆడలేదు. ఎవరో పెట్టెలో దాచి యూరపు తీసుకెళితే అక్కడ చూశారు. రెండో సినిమానూ అక్కడ ఆపేశారు గానీ, బయట వచ్చిన బహుమతితో ప్రపంచానికి తెలిశాడు. ఆ తర్వాత చాలా ఏళ్లు ఏమీ తీయలేదు. ప్రభుత్వం ఆయన నోరు నొక్కేసిందని నేను రెండు వ్యాసాలు రాశాను.

ప్యాసింజర్ రైల్లో మా ఎదురుగా రేగుపళ్ల గంపతో ఒక ముసలామె కూర్చుంది. షెన్ గారి చేతిలో గుప్పెడు పళ్లు పోసి నన్ను అడిగింది.

"ఈ సారుది ఏ ఊరు?"

"చైనా అండి."

"గంత దూరం నుంచి ప్యాసింజర్ల వచ్చిండా?" ఆమె ఆయన్ను జాలిగా చూసింది. తర్వాత నావైపు తిరిగింది. "నువ్వు ఆంధ్రోనివి. అండి అంటేనే ఎరుకైంది. మరి మా తెలంగాణ మాకిస్తరా, ఇయ్యరా?"

"నా చేతిలో ఏముందమ్మా."

"నీ చేతుల లేకుంటే లేకపాయె. ఆ పైన సంచి ఉన్నది, జర అందుకో."

పెట్టెలో అందరూ నవ్వారు. ఏం జరిగిందని షెన్ గారు అడిగితే, సంచి అందుకోమన్నారని మాత్రం చెప్పాను. నా మీద పడిన నవ్వును ఆయనకు చేరనివ్వలేదు. అనువాదకుడికి ఇలాంటి చిన్న అధికారాలు చాలా ఉంటాయి; వాటికి అప్పుడే రుచి మరిగాను.

కామారెడ్డి

స్టేషన్ బయటికి రాగానే బెల్లం వాసన. మార్కెట్లో ముద్దలు ముద్దలుగా పేర్చిన బెల్లం, వాటి మీద గోనెపట్టాలు, పట్టాల మీద ఈగలు. మా గోదావరి బెల్లం కంటే రంగు తక్కువ. ఆ మాట పైకి అన్నాను. దుకాణం ఆయన నన్ను కింది నుంచి పైదాకా చూశాడు. "రంగు గావాల్నంటే మందు కలపాలె సారు. మీ దిక్కు గలుపుతరేమో." ఒక తునక విరిచి షెన్ గారికి పెట్టి, నాకు పెట్టలేదు.

హోటల్లో కాఫీ అడిగితే వడ్డించే మనిషి నవ్వి చాయ్ తెచ్చాడు. ప్లేటు మిరపకాయ బజ్జీ, రెండు చాయ్‌లు కలిపి పాతిక రూపాయల లోపే. బజ్జీల మీద ఉల్లిపాయ, నిమ్మరసం. మావైపు వాము పెడతారు. షెన్ గారు కారానికి చెమటలు కక్కుతూ ఇంకో ప్లేటు చెప్పమన్నాడు.

మధ్యాహ్నం ఒక కాలేజీలో ఆయన రెండో సినిమా వేశారు. ఎండ రాకుండా కిటికీలకు దుప్పట్లు కట్టారు. చూడని వాళ్లకోసం ఆ సినిమా గురించి రెండు మాటలు. బొగ్గుగని ఊళ్లో ఒక ముసలి తల్లి. గనిలో కొడుకు పనిచేస్తుంటాడు. చివర్లో ఆమె ఇంటి ముందు కూర్చుని మక్కకంకులు, అంటే మావైపు మొక్కజొన్న పొత్తులు, ఒలుస్తూ ఎవరితోనో మాట్లాడుతూ నవ్వుతుంటుంది. కెమెరా కదలదు. ఇద్దరు మనుషులు వాకిట్లోకి వచ్చి ఆమె పక్కన కూర్చుంటారు. కొడుకు చనిపోయాడని చెబుతారు. కంకి ఒలుస్తున్న చేయి ఇంకా కాసేపు ఒలుస్తూనే ఉంటుంది. ఆ తర్వాత ముఖం. అంతే సినిమా. ఆమె నటి కాదు. ఆ ముఖం గురించి నేను ఎన్ని సభల్లో మాట్లాడానో లెక్కలేదు.

సగం మంది పిల్లలు బస్సు టైమైందని మధ్యలోనే లేచిపోయారు. మిగిలినవాళ్లు చివర్లో బిగుసుకుపోయి కూర్చున్నారు. ఒకమ్మాయి లేచి అడిగింది. "సార్, ఆ అవ్వకు అట్ల యాక్టింగ్ చేసుడు ఎవరు నేర్పిండ్రు?"

షెన్ గారు కొంచెం ఆగి, "ఎవరూ నేర్పలేదు" అన్నాడు.

నేను దాన్ని పావుగంట చేశాను. నటన కానిదే అసలు నటన అన్నాను, సత్యం కెమెరా ముందుకు తనంతట తాను వస్తుందన్నాను. చప్పట్లు కొట్టారు. వెనక గుమ్మం దగ్గర నిలబడి సినిమా చూసిన అంజన్న, మేం కామారెడ్డిలో మాట్లాడుకున్న జీపు డ్రైవరు, అతనూ కొట్టాడు.

"అంతసేపు ఏం చెప్పావు?" అని అడిగాడు షెన్ గారు మెట్లు దిగుతూ.

"మీ పద్ధతి వివరించాను."

ఆయన నావైపు చూసి, ఏదో అనబోయి, జీపెక్కాడు.

ఎల్లారెడ్డి దారిలో

మర్నాడు పొద్దున్నే బయలుదేరాం. దారికి రెండు పక్కలా ఎండిన మక్క చేలు, మధ్య మధ్య చెరకు. ఏ ఊరు దాటినా గుమ్మాల్లో ఆడవాళ్లు ఒళ్లో చాట పెట్టుకుని బీడీలు చుడుతున్నారు. మావైపు మధ్యాహ్నం పూట అరుగుల మీద ఆడవాళ్లు కబుర్లు చెప్పుకుంటారు. ఇక్కడా చెప్పుకుంటారు గానీ చేతులు ఆగవు. ఆకు కత్తిరించి, పొగాకు పోసి, చుట్టి, కొస మడిచి, దారం కట్టి పక్కన పడేస్తారు. ఇదంతా చూడకుండానే.

"మగవాళ్లు ఎక్కడ?" అని షెన్ గారు అడిగాడు.

"మస్కట్ల, దుబాయ్‌ల" అన్నాడు అంజన్న. "ఊళ్లె మిగిలింది నా అసొంటోళ్లే. డ్రైవింగ్ అస్తదని నేను గూడ పోయిన. ఎండకు ముక్కుల నుంచి రక్తమొచ్చింది. అచ్చిన. మా ఆవిడ ఇప్పటికి అంటది, నీ ముక్కు మంచిదైతే మనకు మేడ ఉండేటిది అని."

ఎల్లారెడ్డి దాటాక ఒక చిన్న ఊళ్లో షెన్ గారు జీపు ఆపమన్నాడు. రోడ్డు పక్క ఇల్లు. వాకిట్లో వెలుతురు ఏటవాలుగా పడుతోంది. ఆ వెలుతురులో ఒక పాతికేళ్ల అమ్మాయి బీడీలు చుడుతోంది.

బాలమణి వాకిలి

ఆమె పేరు బాలమణి. అత్త పేరు లస్మవ్వ. భర్త మస్కట్‌లో కట్టుబడి పనిలో ఉన్నాడు. కెమెరా పెట్టుకుంటామంటే ఆమెకు సంబరం, అత్తకు మాత్రం ఇష్టం ఉన్నట్టు లేదు. అయినా కాదనలేదు. షెన్ గారు అరచేయంత కెమెరాను ఒక తిరగేసిన బిందె మీద పెట్టి, నొక్కి వదిలేసి, పక్కన చతికిలబడ్డాడు. ఆయన పద్ధతి అంతే. ఏం తీస్తున్నాడో చెప్పడు, ఇలా చెయ్యమనీ అడగడు. మనుషులు కెమెరాను మరిచిపోయేదాకా కూర్చుంటాడు.

"ఈ చైనా సారు ఏం జూస్తుండు సారు? బీడీలెప్పుడు జూడలేదా?"

"మీ చేతులు చూస్తున్నాడమ్మా."

"నా చేతులు జూసుడేంది? తెల్లారి లేస్తే మస్తు మందున్నరు ఊళ్లె, బీడీలు చేసెటోళ్లు." కొంచెం సేపటికి మళ్లీ తనే అంది. "మీరన్న అచ్చిండ్రు. ఈ మధ్య మా ఇంటికి ఎవ్వరస్తలేరు. పక్కింటి సక్కుబాయి గూడ అటునుంచటే పోతుంది. నేను గిన గయ్యాళిదాన్నైన కావచ్చు."

లస్మవ్వ లోపల్నుంచి, "మాటలు తగ్గించి పని జూడు బిడ్డా" అంది.

మీ ఆయన పేరేంటని అడిగాను. బాలమణి తల వంచుకుని నవ్వింది. ఇక్కడ భార్య భర్త పేరు పలకదు. మా నాయనమ్మ కాలంలో మావైపు కూడా ఉండేది ఈ పట్టింపు. "అత్తా, నీ కొడుకు పేరు సారుకు చెప్పు" అని కేకేసింది.

లస్మవ్వ గుమ్మంలోకి వచ్చింది. నోరు తెరిచింది. అలాగే కాసేపు నిలబడి, ఏమీ అనకుండా వెనక్కి తిరిగి లోపలికి పోయింది. పెంకి ముసలామె అనుకున్నాను. ఆ మాటే ఇంగ్లీషులో షెన్ గారికి చెప్పి నవ్వాను కూడా.

అన్నం వేళకు జొన్నరొట్టెలు, పచ్చిపులుసు, పచ్చిమిరప తొక్కు పెట్టారు. మావైపు అతిథికి అన్నం పెట్టకపోతే చిన్నతనం. ఇక్కడ రొట్టె చేయడమే మర్యాద, పనెక్కువ గనుక. షెన్ గారు రొట్టె తుంచుతూ, మా అమ్మ మక్కపిండితో చేసేది ఇలాంటిదే అన్నాడు. ఆ మాట తెలుగులో చెబితే లస్మవ్వ ఇంకో రొట్టె ఆయన పళ్లెంలో వేసింది. తను మాత్రం తినలేదు. "మూడు వారాల సంది గంతే సారు. కడుపుల మంచిగ లేదంటది" అంది బాలమణి.

లేచేటప్పుడు ఆమె నా వెంట రోడ్డుదాకా వచ్చింది. "సారు, ఈ బొమ్మ మస్కట్ల గూడ ఆడుతదా?"

ఆడొచ్చు అన్నాను. ఆడదని నాకు తెలుసు.

"అయితే రేపు గూడ రాండ్రి. మంచి చీర కట్టుకుంట. ఇంకొకటి సారు. ఇంట్ల ఫోన్ ఖరాబైందని మా బావ రిపేరుకు ఇచ్చిండు. మా ఆయనతోని మాట్లాడక మస్తు దినాలైంది. మీ ఫోన్ల ఒక్కసారి కొట్టి, బాలమణి మంచిగున్నది, నువ్వెట్లున్నవ్ అని అడుగుండ్రి. గంతే." నంబరు గడగడా చెప్పింది. నా సెల్లులో ఎక్కించుకున్నాను.

బస్టాండు ముందు చాయ్

ఎల్లారెడ్డి బస్టాండు ఎదురుగా చాయ్ తాగుతూ ఆ నంబరు నొక్కాను. షెన్ గారు రోడ్డవతల సైకిళ్లను ఫోటో తీస్తున్నాడు. రెండోసారి నొక్కుతుంటే అంజన్న అడిగాడు, ఎవరికి సార్ అని. చెప్పాను. అతను నా చేతిలోంచి ఫోన్ తీసుకుని ఆపేశాడు.

"చేయకుండ్రి సార్. ఎత్తేటోడు లేడు."

బాలమణి భర్త సాయిలు మూడు వారాల కింద పోయాడట. పని నుంచి వచ్చి క్యాంపులో పడుకున్నవాడు తెల్లారి లేవలేదు. తోటి పనివాడొకడు సాయిలు అన్నయ్య రాజయ్యకు ఫోన్ చేశాడు. కాగితాల పని తెమలక శవం ఇంకా రాలేదు.

"ఊళ్లె అందరికెరుకే. ఆమెకొక్కదానికే ఎరుక లేదు" అన్నాడు అంజన్న. చాయ్ దుకాణం ఆయన కూడా తలూపాడు.

"ఎందుకు చెప్పలేదు?"

"పెట్టె ఎప్పుడస్తదో తెల్వదు గద సార్. ఇప్పుడు చెప్తే అప్పటిదాక ఏడ్చి ఏడ్చి సస్తది. పెట్టె అచ్చినంక ఒక్కటేసారి చెప్తరు. మా దిక్కు గట్లనే. మా మేనబావప్పుడు రెండు నెలలాగినం."

గ్లాసు బల్ల మీద పెట్టేశాను. వీధి వీధంతా నోరు కట్టుకుని కూర్చున్న ఊరు, వాకిట్లో నవ్వుతూ బీడీలు చుట్టే అమ్మాయి, నోటిదాకా వచ్చి ఆగిపోయిన కొడుకు పేరు. పెంకి ముసలామె అని నవ్వింది నేనే.

ఇక్కడ ఒకటి దాచకుండా రాయాలి. ఆ దిగ్భ్రాంతిలో నాకు మొదట వచ్చిన ఆలోచన బాలమణి గురించి కాదు. మక్కకంకులు ఒలిచే తల్లి గుర్తొచ్చింది. రేపు ఆమె మంచి చీర కట్టుకుని కెమెరా ముందు కూర్చుంటుంది, పెట్టె రేపే వస్తే, అనుకున్నాను. షెన్ గారికి చెబితే ఆయన సామాను సర్దేస్తాడేమోనని భయం కూడా వేసింది. ఆయన రోడ్డు దాటి వచ్చాక, అంజన్న ఏం చెబుతున్నాడని అడిగాడు. ఊరి సంగతులు అన్నాను.

లాడ్జి వరండా

చీకటి పడకముందే లాడ్జికి చేరాం. షెన్ గారు వరండాలో కూర్చుని పగలు తీసింది కెమెరా చిన్న తెర మీద చూసుకుంటున్నాడు. లస్మవ్వ గుమ్మంలోకి వచ్చిన చోట ఆపాడు. వెనక్కి తిప్పి మళ్లీ చూశాడు. మళ్లీ. తెర నావైపు తిప్పాడు.

"ఈమె కొడుకు చనిపోయాడు" అన్నాడు. అడగలేదు. అన్నాడు.

నేను తెర మీంచి చూపు తిప్పుకున్నాను.

"నీకు తెలుసా?"

"తెలుసు."

"నాకు ఎందుకు చెప్పలేదు?"

జవాబు కూడా ఆయనే చెప్పాడు. "రేపు ఉదయం వెలుతురు బాగుంటుందని."

చెంప మీద కొట్టినా అంత అదిరిపోయేవాణ్ని కాదు. నా లోపలి మాట ఈయనకెలా తెలిసింది? ఆయన కెమెరా మూసి పక్కన పెట్టి, వచ్చీరాని ఇంగ్లీషులో, ఆగి ఆగి చెప్పాడు. నేను ఇన్నేళ్లూ చెప్పుకుంటూ తిరిగిన జీవితం అక్కడ కూలిపోయింది.

ఆ గని తల్లి నటించలేదు. గనిలో ప్రమాదం జరిగిన సంగతి పొద్దున్నే షెన్ గారికి తెలిసింది. ఆమె ఇంట్లో నెలరోజులుగా షూటింగ్ చేస్తున్నాడు, ఆమె చేతి వంట తింటున్నాడు. వార్త చెప్పడానికి వచ్చిన ఇద్దర్నీ వీధి చివర ఆపి, మధ్యాహ్నం దాకా ఆగమని బతిమాలాడు. ఎండ వాకిట్లోకి రావాలి గనుక. ఆలోపు కెమెరా వెనక నిలబడి ఆమెతో సరదా మాటలు చెప్పాడు. సినిమాలో ఆమె నవ్వేది ఆయన చెప్పిన మాటలకే.

"ఏడ్చే ముఖాన్ని నేను ఎన్నిసార్లయినా చూడగలను. దానికి ముందు నవ్వే ముఖాన్ని చూడలేను" అన్నాడు. బహుమతి వచ్చాక ఆ ఊరికి మళ్లీ వెళ్లలేదు. ఆమె ఉందో లేదో తెలియదు. ప్రభుత్వం ఆ సినిమాను ఆపిన మాట నిజమే, కానీ ఆయన్ను మరో సినిమా తీయొద్దని ఎవరూ అనలేదు. ఎక్కడ కెమెరా పెట్టినా ఆ వాకిలే కనిపించి, ఆయనే ఆపుకున్నాడు. ఆ తర్వాత తీసిన వాటిలో నటుల్నే పెట్టుకున్నాడు. పస తగ్గిందని వాటి గురించి రాసినవాళ్లలో నేనూ ఉన్నాను.

"ఇన్నాళ్లూ ఎందుకు చెప్పలేదు?" అన్నాను.

"నిన్న ఆ అమ్మాయి అడిగింది. చెప్పబోయాను. నువ్వు చాలాసేపు మాట్లాడావు."

బాలమణి వాకిలి, మళ్లీ

మర్నాడు కెమెరా జీపులోనే ఉంచి, సెలవు తీసుకోవడానికి మాత్రమే వెళ్లాం. ఊరి మొదట్లోనే ఒకతను చెయ్యెత్తి జీపు ఆపాడు. సాయిలు అన్నయ్య రాజయ్య. కళ్లు ఉబ్బి ఉన్నాయి.

"సారు, పెట్టె అచ్చింది. హైదరాబాద్ల అంబులెన్స్‌ల ఎక్కించిండ్రు. సాయంత్రం వరకు ఈడ ఉంటది. వాగు కాడ కట్టెలు కొట్టిస్తున్నం. ఆమె బయటికస్తే ఎవరో ఒకరు నోరు జారుతరు. మీరు కెమెరా పెట్టి ఆమెను వాకిట్లనే కూసోబెట్టుండ్రి. బొమ్మ తీస్తున్నమంటే ఆమె ఎటు కదలది. మీ కాళ్లు మొక్కుత."

అతని కోరికను ఇంగ్లీషులో చెప్పాను. షెన్ గారు రాజయ్యను తేరిపార చూశాడు. ఎవరో తన పాత నేరాన్ని వెతికి పట్టుకుని, ఇదిగో ఇంకోసారి చెయ్యమని చేతిలో పెట్టినట్టు చూశాడు. రాజయ్య ముఖంలో మోసం లేదు. మరదలి మీద ప్రేమే ఉంది. ఒప్పుకున్నామో లేదో చెప్పకుండా ముందుకు కదిలాం.

బాలమణి ఆకుపచ్చ చీర కట్టుకుని, కొత్త గాజులు వేసుకుని, చాట ఒళ్లో పెట్టుకుని సిద్ధంగా ఉంది. "ఫోన్ కొట్టిండ్రా సారు?" అంది.

"లైన్ కలవలేదు" అన్నాను. ఆమె ముఖంలోకి చూస్తూ చెప్పాను ఆ అబద్ధం.

షెన్ గారు ఆమె దగ్గర ఆగలేదు. లోపలికి వెళ్లి, పొయ్యి పక్కన కూర్చున్న లస్మవ్వ ముందు నేల మీద కూర్చున్నాడు. తను ఒక తల్లికి చేసింది చెప్పాడు. ఈసారి ఒక్క మాట కలపకుండా, ఒక్క మాట తగ్గించకుండా చెప్పాను. చివర్లో ఆయన అన్నది ఇది. "ఆమె కోసం దాస్తున్నామని అందరూ అనుకుంటున్నారు. కానీ ఆ వాహనం వచ్చేసరికి ఆమె నవ్వుతూ ఉంటుంది. ఆ నవ్వును ఊరంతా చూస్తుంది. అది ఆమెకు జీవితాంతం గుర్తుంటుంది."

లస్మవ్వ పొయ్యిలో కట్టె ఎగదోసింది.

"నేను చెప్తే అది ఏడుస్తది" అంది. "అది ఏడిస్తే నేను గూడ ఏడ్వాలె. నేను ఏడిస్తే వాడు పోయినట్టే గద కొడుకా. మూడు వారాల సంది ఏడ్వలే నేను."

దూరంగా వాగు వైపు నుంచి గొడ్డలి చప్పుడు వినిపిస్తోంది. వాకిట్లోంచి బాలమణి అడిగింది. "అత్తా, ఈ యాళ్లప్పుడు కట్టెలెవరు కొడుతున్నరే?"

లస్మవ్వ లేచింది. మోకాళ్ల మీద చేతులు పెట్టి, గోడ పట్టుకుని లేచింది. వాకిట్లోకి వెళ్లి కోడలి ముందు కూర్చుని, ఒళ్లోంచి చాట తీసి పక్కన పెట్టింది.

"బిడ్డా. సాయిలు ఇగ లేడు."

షెన్ గారు వెనక గుమ్మంలోంచి దొడ్లోకి వెళ్లిపోయాడు. నేను వెళ్లలేదు. గుమ్మం పట్టుకుని నిలబడ్డాను. ఏం చూశానో రాయను. చూశాను.

ఏడుపు విని రాజయ్య పరిగెత్తుకొచ్చాడు. నా చొక్కా పట్టుకున్నాడు. "మీరెవరు సారు చెప్పనీకె? ఎక్కడోళ్లో వచ్చి మా ఇంట్ల..."

"నేను కాదు, ఆ చైనా ఆయనే చెప్పమన్నాడు" అన్నాను. అంత సిగ్గుమాలిన మాట అంత తొందరగా నా నోట్లోంచి వచ్చింది.

"చొక్క ఇడువు" అంది లస్మవ్వ కూర్చున్న చోటునుంచే. "నా కొడుకు. నేను చెప్పిన."

అప్పుడు మొదలుపెట్టింది ఆమె ఏడవడం. అంతదాకా అటునుంచటే పోయిన ఇరుగుపొరుగు ఆడవాళ్లు ఒక్కొక్కరే వాకిట్లోకి వచ్చి, ఇద్దరి చుట్టూ కూర్చున్నారు. సక్కుబాయి బాలమణి తలను తన భుజం మీదికి లాక్కుంది. "ఎట్ల కలిసేదే నిన్ను, ఏ మొఖం పెట్టుకొని రావాలె" అని ఏడ్చింది.

మేము రోడ్డు మీద జీపు పక్కన పొద్దంతా ఉన్నాం. వెళ్లిపోదామని ఇద్దరిలో ఎవరమూ అనలేదు. ఎవరో రెండుసార్లు నీళ్లు తెచ్చి ఇచ్చారు. ఎండ వాలాక బాలమణి ముఖం కడుక్కుని, అదే ఆకుపచ్చ చీరలో బయటికి వచ్చింది. "ఎక్కడిదాక అచ్చిండు బావా?" అని అడిగింది. ఎల్లారెడ్డి దాటిందని రాజయ్య చెప్పాడు. ఆమె నడిచి రోడ్డుకు వచ్చింది. వద్దు, ఇంట్లో ఉండమని ఇద్దరు ముగ్గురు అన్నారు. వినలేదు. అంబులెన్స్ మలుపు తిరిగి ఆగినప్పుడు అందరికంటే ముందు ఆమే నిలబడి ఉంది.

డ్రైవరు చిన్నవాడు. తలుపు తీసి, ఎవరి ముఖమూ చూడకుండా దిగాడు. ఏడుస్తూ మీదపడే జనానికి అలవాటుపడ్డవాడిలా భుజాలు ముడుచుకున్నాడు.

"దారిల ఏమన్న తిన్నవా తమ్మీ?" అంది బాలమణి.

అతను బిత్తరపోయాడు. "లేదక్కా."

"ఇంట్ల రొట్టెలున్నయ్. ముందుగాల తిను." అతని వెనక నడిచి, తెరిచిన తలుపులోంచి చేయి చాపి, పెట్టె మీద పెట్టింది.

షెన్ గారు మక్క చేను వైపు తిరిగి, రోడ్డుకు వీపు పెట్టి నిలబడ్డాడు. అంజన్న తల దించుకున్నాడు. పడమటి వెలుతురు ఆమె గాజుల మీద పడుతోంది. ఎక్కడ నిలబడితే ఆ చేయీ, ఆ ముఖమూ కలిపి కనిపిస్తాయో నా కాళ్లకు తెలిసిపోయింది. ఎవరూ చూడకుండా కొంచెం పక్కకు జరిగి నిలబడ్డాను.